ఎకో గురించి తరచుగా అడిగే ప్రశ్నలు: పాటలో, టెర్మినల్‌లో, నెట్‌వర్క్‌లో, కాల్‌లో

పాట రికార్డ్ చేసుకునేవాళ్లు ఎకో గురించి అడుగుతారు. లినక్స్ మొదలుపెట్టినవాళ్లూ ఎకో గురించే అడుగుతారు. ఆన్‌లైన్ కాల్‌లో తమ గొంతు తమకే వినిపించి విసిగిపోయినవాళ్లు కూడా ఇదే మాటతో వెతుకుతారు, వెతికితే గిటార్ పెడల్ గురించి ఒకటి, కమాండ్ గురించి ఒకటి దొరికి ఇంకా తికమక పడతారు. అవే సందేహాలు మళ్లీ మళ్లీ వస్తున్నాయి కాబట్టి అన్నీ ఒకచోట రాశాను. మీకు కావలసిన ప్రశ్నకి నేరుగా వెళ్లిపోవచ్చు, మిగతావి చదవకపోయినా జవాబు అర్థమవుతుంది.

నా వరకు, ఎకో అనే మాట ఎక్కడ కనబడినా ముందు తేల్చుకోవలసింది ఒక్కటే: తిప్పి పంపుతున్నది ఎవరు? గోడా, టేపా, టైప్ చేసిన కమాండ్లని చదివి నడిపే షెల్లా, అవతలి కంప్యూటరా, అవతలివాళ్ల స్పీకరా? చాలా సమస్యలు అక్కడే తెగిపోతాయి.

## ముందు మాట అర్థం కావాలనుకునేవాళ్లకి

పాటలో ఎకో, కంప్యూటర్‌లో ఎకో ఒకటేనా, వేరు వేరా?

రెండింటి వెనకా ఉన్న ఆలోచన ఒకటే, పంపింది తిరిగి రావడం. కానీ తిరిగొచ్చినదాని నుంచి మనం కోరుకునేది పూర్తిగా వేరు. పాటలో ఎకో ఆలస్యంగా రావాలి, కొంచెం మెత్తబడి రావాలి, అసలు గొంతు కంటే చిన్నగా ఉండాలి, ఆ తేడాలోంచే లోతు, దూరం అనే భావన పుడుతుంది. కంప్యూటర్‌లో మాత్రం ఇచ్చింది ఇచ్చినట్టే రావాలి, ఎంత త్వరగా వస్తే అంత మంచిది, ఒక్క అక్షరం మారినా ఎక్కడో తప్పు జరిగినట్టే. కంప్యూటర్‌లో కూడా మళ్లీ మూడు రకాలున్నాయి: మీరు నొక్కిన అక్షరం తెరమీద కనబడటం, ఎకో అనే కమాండ్ మీరిచ్చిన మాటల్ని చూపించడం, నెట్‌వర్క్‌లో మీరు పంపిన ప్యాకెట్‌ని, అంటే చిన్న డేటా ముక్కని, అవతలి యంత్రం మీకే తిప్పి పంపడం. ఈ మూడూ కూడా ఒకటి కాదు.

గోడ ఎంత దూరంలో ఉంటే ప్రతిధ్వని వినిపిస్తుంది?

20 డిగ్రీల సెల్సియస్ దగ్గర గాలిలో ధ్వని సెకనుకి సుమారు 343 మీటర్లు వెళ్తుంది. సెకనులో పదో వంతు తేడా ఉంటే రెండు శబ్దాలు విడిగా తెలుస్తాయని అనుకుంటే, వెళ్లి రావడానికి 34 మీటర్లు, అంటే గోడ 17 మీటర్ల దూరంలో ఉండాలి. స్కూలు పుస్తకాల్లో ఉండే లెక్క ఇదే. నిజానికి చెవి ఇలా గీత గీసినట్టు పనిచేయదు. చప్పట్లలాంటి పొట్టి శబ్దమైతే ఇంకా తక్కువ తేడాకే విడిపోయి వినిపిస్తుంది, సాగదీసి పాడే స్వరానికి ఎక్కువ తేడా కావాలి. హెల్ముట్ హాస్ 1949లో మాట్లాడే గొంతు మీద చేసిన ప్రయోగాల్లో ఇంకో సంగతి తేలింది. రెండో శబ్దం సుమారు 30 మిల్లీసెకన్ల లోపు వచ్చేస్తే అది ఎకోలా అనిపించదు, రెండూ కలిసి ఒకే శబ్దంగా, కాస్త నిండుగా వినిపిస్తాయి, పైగా మొదటి శబ్దం ఏ దిక్కు నుంచి వచ్చిందో మొత్తం అటునుంచే వచ్చినట్టు ఉంటుంది. చిన్న గదిలో ఎకో వినబడకపోవడానికి కారణం ఇదే. అక్కడ కూడా గోడలు శబ్దాన్ని తిప్పికొడుతూనే ఉంటాయి.

ఎకో, డిలే, రివర్బ్ మూడూ ఒకటే కదా, ఇన్ని పేర్లు ఎందుకు?

విడివిడిగా లెక్కపెట్టగలిగితే ఎకో, లెక్కపెట్టలేనంతగా కలిసిపోతే రివర్బ్. డిలే అంటే ఆలస్యం చేసే పని, ఆ పని చేసే పరికరానికి కూడా అదే పేరు. డిలేతో ఎకో పుట్టించవచ్చు, వందల చిన్న చిన్న డిలేలు కలిపి రివర్బ్ కూడా పుట్టించవచ్చు. బెల్ ల్యాబ్స్‌లో మాన్‌ఫ్రెడ్ ష్రోడర్ 1960ల మొదట్లో కంప్యూటర్‌తో కృత్రిమ రివర్బ్‌కి దారి వేసింది ఇలాగే. రివర్బ్‌ని కొలిచే పద్ధతి అంతకంటే పాతది. వాలెస్ సాబిన్ 1890లలో ఒక ఉపన్యాస మందిరంలో మాటలు ఎందుకు అర్థం కావడం లేదో వెతుకుతూ మొదలుపెట్టాడు, శబ్దం 60 డెసిబెల్స్ తగ్గడానికి పట్టే సమయాన్ని ఇప్పటికీ కొలతగా వాడుతున్నాం. 1900లో తెరిచిన బోస్టన్ సింఫనీ హాల్ ఆయన లెక్కల సాయంతో కట్టిందే. ఇంకో చిన్న సంగతి, పాత స్టూడియో ఇంజనీర్లు రివర్బ్‌ని కూడా ఎకో అనే పిలిచేవారు, అందుకే పాత మిక్సర్ల మీద రివర్బ్‌కి వెళ్లే నాబ్‌కి ఎకో అని పేరు కనబడుతుంది.

ఎకో ఛాంబర్ అంటే సోషల్ మీడియాలో అంటుంటారు, అదేనా?

ఆ వాడుక తర్వాత వచ్చింది. ఎకో ఛాంబర్ అంటే స్టూడియోలో నున్నటి, గట్టి గోడలున్న ఖాళీ గది. ఒక మూల స్పీకర్, ఇంకో మూల మైక్ పెట్టి, పాడిన గొంతుని స్పీకర్‌లో వేసి, గది తిప్పికొట్టిన శబ్దాన్ని మైక్‌తో పట్టి పాటలో కలుపుతారు. 1947లో బిల్ పట్నమ్ షికాగోలో ఇందుకు స్టూడియో బాత్‌రూమ్‌నే వాడాడు. హాలీవుడ్‌లో క్యాపిటల్ స్టూడియోస్ కింద భూగర్భంలో ఇందుకోసమే కట్టిన గదులున్నాయి. ఒకే అభిప్రాయం చుట్టూ తిరిగి తిరిగి మనకే వినిపించే గుంపుకి ఈ పేరు పెట్టింది ఆ గది గుణాన్ని బట్టే.

కరెంటు, మైకులు లేని రోజుల్లో సంగీతంలో ఎకో ఉండేదా?

ఉండేది, రాసి వాయించేవారు. యూరప్‌లో 16, 17, 18 శతాబ్దాల స్వరకర్తలు ఒక పలుకుని గట్టిగా వాయించి వెంటనే అదే పలుకుని మెల్లగా వాయించమని రాసేవారు, రెండోది దూరం నుంచి వచ్చినట్టు ఉంటుంది. బాఖ్ 1735లో అచ్చువేసిన ఒక కీబోర్డ్ రచనలో చివరి భాగం పేరే ఎకో. పెద్ద చర్చి ఆర్గన్లలో ఎకో అనే విభాగమే వేరుగా ఉంటుంది, ఆ గొట్టాల్ని పెట్టెలో మూసో, దూరంగా అమర్చో ఉంచుతారు. గమనించండి, ఇక్కడ ఆలస్యాన్ని పుట్టించేది గోడ కాదు, వాయించేవాడి చేతులే.

## పాటలో ఎకో పెట్టడం మొదలుపెట్టినవాళ్లకి

డిలే టైమ్ ఎంత పెట్టాలి? ఎన్ని పెట్టినా తాళం తప్పినట్టే ఉంది

60,000ని పాట టెంపోతో (నిమిషానికి ఎన్ని బీట్లో ఆ అంకెతో) భాగించండి, ఒక బీట్‌కి ఎన్ని మిల్లీసెకన్లో వస్తుంది. టెంపో 120 అయితే 500, అందులో సగం 250, ముప్పాతిక 375. గిటార్ డిలేలో తరచు వినిపించే ఆ పరుగెత్తే నడక ముప్పాతిక బీట్‌దే. టెంపో 90 అయితే బీట్ 667, సగం 333, ముప్పాతిక 500. రికార్డింగ్ సాఫ్ట్‌వేర్‌లో వాడే ఇప్పటి ప్లగిన్లు సింక్ నొక్కితే ఈ లెక్క అవే చేసుకుంటాయి, కానీ పాట క్లిక్ (మెట్రోనోమ్) లేకుండా రికార్డ్ అయి ఉంటే సింక్ వల్ల ఉపయోగం లేదు, టెంపో మధ్యమధ్యలో జారిపోతూ ఉంటుంది కాబట్టి పల్లవి దగ్గర కుదిరింది చరణం దగ్గర కుదరదు. అలాంటప్పుడు 80 నుంచి 140 మిల్లీసెకన్ల మధ్య ఒక్కటే ఎకో పెట్టి వదిలేయండి, అది తాళంలా కాకుండా గొంతుకి నీడలా ఉంటుంది, తప్పినట్టు అనిపించదు.

ఫీడ్‌బ్యాక్ పెంచితే శబ్దం ఆగకుండా పెరిగిపోతోంది, ప్లగిన్ పాడైందా?

పాడవలేదు, అది చేయాల్సిన పనే చేస్తోంది. బయటకొచ్చిన ఎకోలో కొంత భాగాన్ని మళ్లీ లోపలికి పంపడమే ఫీడ్‌బ్యాక్. సున్నా పెడితే ఒక్క ఎకో వచ్చి ఆగిపోతుంది. 50 శాతం పెడితే ప్రతి ఎకో ముందుదానిలో సగం, అంటే సుమారు 6 డెసిబెల్స్ తక్కువ. పది ఎకోలు దాటేసరికి వెయ్యో వంతుకి పడిపోయి దాదాపు వినబడదు, డిలే 500 మిల్లీసెకన్లయితే దానికి 5 సెకన్లు పడుతుంది. 100 శాతం దగ్గర ఎకో తగ్గదు. 100 దాటితే ప్రతిసారీ ముందు కంటే పెద్దదై గుయ్యిమని అరవడం మొదలవుతుంది. జమైకాలో 1970లలో కింగ్ టబ్బీలాంటి, డబ్ అనే సంగీతం చేసే ఇంజనీర్లు ఈ అంచు మీదే ఆడుకుంటూ ఎకో యంత్రాన్ని ఒక వాయిద్యంలా వాయించారు. మీరు ప్రయోగం చేసేటప్పుడు మాత్రం హెడ్‌ఫోన్స్ తీసేయండి, ట్రాక్ చివర శబ్దం హద్దు దాటకుండా ఆపే లిమిటర్ పెట్టండి. చెవి దెబ్బతింటే తిరిగి రాదు.

టేప్ ఎకో, టేప్ ఎకో అంటారు, ఇప్పుడు టేపులే లేవు కదా?

టేపులు పోయినా దాని స్వభావం మీద ఇష్టం పోలేదు. టేప్ రికార్డర్‌లో రికార్డ్ చేసే హెడ్ ఒకటి, కొంచెం పక్కన వినిపించే హెడ్ ఒకటి ఉంటాయి. టేపు మొదటిదాన్ని దాటి రెండోదాన్ని చేరడానికి పట్టే సమయమే డిలే. టేపు సెకనుకి 15 అంగుళాలు నడుస్తూ, హెడ్‌ల మధ్య 2 అంగుళాలు ఉంటే 133 మిల్లీసెకన్లు, వేగం సగానికి తగ్గిస్తే 267. మెంఫిస్‌లోని సన్ స్టూడియోలో శామ్ ఫిలిప్స్ 1950లలో రెండు టేప్ యంత్రాలతో తెచ్చిన ఆ పొట్టి ఎకోని స్లాప్‌బ్యాక్ అంటాం. తర్వాత ఈ పని కోసమే విడిగా పెట్టెలు వచ్చాయి: ఎకోప్లెక్స్, ఇటలీలో టేపు బదులు అయస్కాంత చక్రం తిరిగే బిన్సన్ ఎకోరెక్, 1974లో రోలండ్ ఆర్‌ఈ-201 స్పేస్ ఎకో.

వాటి అందమంతా వాటి లోపాల్లోనే ఉంది. టేపు ఒక్కోసారి తిరిగినప్పుడల్లా పై ఫ్రీక్వెన్సీలు కొంచెం కరిగిపోతాయి, మోటారు వేగం కాస్త వణకడం వల్ల శ్రుతి సన్నగా కదులుతుంది, గట్టిగా పాడితే టేపు నిండిపోయి శబ్దం మెత్తబడుతుంది. ఫలితంగా ఎకో దానంతట అదే గాయకుడి వెనక్కి తప్పుకుంటుంది. అచ్చంగా అసలు గొంతులాగే ఉండే డిజిటల్ ఎకో అలా తప్పుకోదు, గాయకుడితో పోటీ పడుతుంది. నాకైతే గొంతు మీద టేపు రకం ఎకోనే మొదటి ఎంపిక, కొత్తవాళ్లకి కూడా అక్కడే మొదలుపెట్టమని చెబుతాను.

అనలాగ్ డిలే పెడల్ అంటే లోపల టేపు ఉంటుందా?

ఉండదు, చిప్ ఉంటుంది. 1969లో ఫిలిప్స్ పరిశోధనశాలలో సాంగ్‌స్టర్, టీర్ అనే ఇద్దరు కనిపెట్టిన బకెట్ బ్రిగేడ్ పరికరం అది. వరుసగా నిలబడినవాళ్లు నీళ్ల బకెట్ చేతులు మార్చినట్టు, వేలకొద్దీ చిన్న కెపాసిటర్లు విద్యుత్ ఆవేశాన్ని ఒకదాని నుంచి ఒకదానికి అందిస్తాయి, పేరు అక్కడి నుంచే. 4096 మెట్ల చిప్‌ని 10 కిలోహెర్ట్‌జ్ క్లాక్‌తో నడిపితే సుమారు 205 మిల్లీసెకన్ల డిలే వస్తుంది. ఇంకా ఎక్కువ కావాలని క్లాక్ నెమ్మది చేస్తే పై ఫ్రీక్వెన్సీలు పోయి శబ్దం మసకబారుతుంది, అందుకే అనలాగ్ పెడల్స్‌లో డిలే టైమ్ తక్కువ, వెచ్చదనం ఎక్కువ.

ఎకో పెడితే బాగుంది కానీ మాటలు అర్థం కావడం లేదు, ఏం చేయాలి?

ఎకోని గొంతు ట్రాక్ మీదే పెట్టకండి, గొంతులో కొంత భాగం వెళ్లేలా విడిగా ఒక పక్క ట్రాక్ (సెండ్ ట్రాక్) చేసి దాని మీద పెట్టండి. అక్కడ 200 హెర్ట్‌జ్ కింద, 4 కిలోహెర్ట్‌జ్ పైన కోసేస్తే చాలావరకు దారికొస్తుంది, ఎందుకంటే తెలుగులో స, శ, చ లాంటి అక్షరాల రాపిడి అంతా పైనే ఉంటుంది, అవి రెండోసారి వినిపిస్తేనే మాట గజిబిజి అవుతుంది. ఆ తర్వాత కూడా కుదరకపోతే డకింగ్ వాడండి, పాడుతున్నంతసేపు ఎకో తగ్గి ఉండి, ఊపిరి తీసుకున్నప్పుడు పైకి వస్తుంది. అన్నిటికంటే నాకు నచ్చే పద్ధతి మాత్రం ఆటోమేషన్: పాట మొత్తానికి కాకుండా చరణం చివరి మాటకి మాత్రమే సెండ్ తెరవడం. పని ఎక్కువే, కానీ వినేవాళ్లకి ఆ ఒక్క మాట గుర్తుండిపోతుంది.

రికార్డింగ్‌లో గది ఎకో పడిపోయింది, తర్వాత తీసేయొచ్చా?

తగ్గించవచ్చు, పూర్తిగా తీయడం కష్టం. గది శబ్దం అసలు గొంతులో కలిసిపోయిన తర్వాత దేన్ని ఉంచాలో దేన్ని తీయాలో సాఫ్ట్‌వేర్ ఊహించాలి, ఎక్కువ తీయిస్తే గొంతు నీళ్లలోంచి వచ్చినట్టు అవుతుంది. మళ్లీ రికార్డ్ చేసే అవకాశం ఉంటే అదే చేయండి. మైక్‌ని నోటికి జానెడు దూరంలోకి తెచ్చి, వెనకా పక్కనా మందపాటి దుప్పట్లు వేలాడదీస్తే చాలు, ప్లగిన్ చేసే పనికంటే అది ఎంతో మేలు. మైక్ దగ్గరికి వచ్చే కొద్దీ గొంతు పెరుగుతుంది, గది శబ్దం ఉన్నంతే ఉంటుంది, కిటుకు అదే.

పెద్ద హాల్లో పాడినట్టు వినిపించే ప్లగిన్ ఆ హాలుని ఎలా పట్టుకుంటుంది?

హాల్లో పొట్టిగా ఒక చప్పుడు చేసి, లేదా కింది స్వరం నుంచి పై స్వరం దాకా సాగే ఒక శబ్దం వేసి, హాలు ఏం తిప్పి పంపిందో రికార్డ్ చేస్తారు. దాన్నే ఇంపల్స్ రెస్పాన్స్ అంటారు. తర్వాత మీ గొంతు రికార్డింగ్‌లోని ప్రతి శాంపిల్‌కీ, అంటే ఒక్కో చిన్న కొలతకీ, ఆ హాలు జవాబుని తగిలించి అన్నీ కూడితే మీరు అక్కడ పాడినట్టే వస్తుంది, ఈ లెక్క పేరు కన్వల్యూషన్. హాలు ఎంత నిజమో అంతే నిజంగా ఉంటుంది, కానీ మైక్, స్పీకర్ ఎక్కడ పెట్టి కొలిచారో ఆ చోటు మాత్రమే దొరుకుతుంది.

హెడ్‌ఫోన్స్ పెట్టుకుని పాడుతుంటే నా గొంతు నాకు రెండుసార్లు వినిపిస్తోంది

రెండు దారుల్లో వస్తోంది కాబట్టి. మైక్‌ని కంప్యూటర్‌కి కలిపే ఆడియో ఇంటర్‌ఫేస్‌లోని డైరెక్ట్ మానిటర్ వెంటనే ఒకటి పంపుతుంది, సాఫ్ట్‌వేర్ లోపల తిరిగి ఇంకొకటి కాస్త ఆలస్యంగా వస్తుంది. ఒకటి ఆపేయండి. సాఫ్ట్‌వేర్ దారే కావాలంటే బఫర్ సైజు (సాఫ్ట్‌వేర్ ఒక్కసారికి తీసుకునే శాంపిల్స్ సంఖ్య) తగ్గించండి: 48,000 శాంపిల్ రేటు దగ్గర 256 బఫర్ అంటే 5.3 మిల్లీసెకన్లు, వెళ్లడానికీ రావడానికీ కలిపి 11 దగ్గర. అదే 1024 అయితే 43 దాకా పోతుంది, దాంతో పాడటం చాలా ఇబ్బంది. మిక్స్ చేసేటప్పుడు మళ్లీ పెంచుకోవచ్చు.

## టెర్మినల్ ముందు కూర్చున్నవాళ్లకి

ఎకో కమాండ్ ఇచ్చింది మళ్లీ చూపిస్తుంది, అంతేనా? దాని ఉపయోగం ఏంటి?

పని అంతే: ఇచ్చిన మాటల మధ్య ఒక్కో ఖాళీ పెట్టి, చివర కొత్త లైను వేసి చూపిస్తుంది. 1970ల మొదట్లోని యునిక్స్ నుంచీ ఉంది. దాని అసలు విలువ ఏంటంటే, మీరు టైప్ చేసింది షెల్ ఎలా అర్థం చేసుకుందో అది బయటపెడుతుంది. ఎకో పక్కన ఒక నక్షత్రం గుర్తు * పెట్టి ఎంటర్ నొక్కండి, నక్షత్రం కాకుండా ఆ ఫోల్డర్‌లోని ఫైళ్ల పేర్లు వస్తాయి. ఎకోకి నక్షత్రం గురించి ఏమీ తెలియదు, షెల్ ముందే దాన్ని ఫైళ్ల పేర్లుగా మార్చి ఎకో చేతిలో పెట్టింది. ఫైళ్లు తొలగించే కమాండ్ నడిపే ముందు దాని ముందు ఎకో పెట్టి చూసుకోవడం అందుకే మంచి అలవాటు, ఏమేం పోబోతున్నాయో కళ్లముందు కనబడుతుంది. ఒక జాగ్రత్త ఉంది, ఆ లైన్లో ఫలితాన్ని ఫైల్లోకి పంపే > గుర్తు ఉంటే ఎకో పెట్టినా ఆ ఫైలు మీద రాసేయడం జరిగిపోతుంది.

మాటల మధ్య ఎక్కువ ఖాళీలు పెట్టినా ఒక్కటే వస్తోంది ఎందుకు?

కోట్స్ పెట్టలేదు కాబట్టి. కోట్స్ లేకపోతే షెల్ లైనుని మాటలుగా విడగొట్టి ఇస్తుంది, ఎన్ని ఖాళీలున్నాయన్న సంగతి ఎకో దాకా చేరదు. డబుల్ కోట్స్‌లో పెడితే మొత్తం ఒకే మాటగా వెళ్తుంది, వేరియబుల్స్ విలువలు కూడా మారతాయి. సింగిల్ కోట్స్‌లో పెడితే వేరియబుల్ పేరు ముందుండే $ గుర్తు కూడా అలాగే ఉండిపోతుంది. వేరియబుల్‌ని చూపించేటప్పుడు ఎప్పుడూ డబుల్ కోట్స్ వాడండి.

ఒక కంప్యూటర్‌లో ఎకో మైనస్ ఈ బాగా పనిచేసింది, ఇంకో దాంట్లో మైనస్ ఈ అనేదే తెరమీద పడింది

ఎకో అన్నిచోట్లా ఒకేలా ఉండదు, ఇది చాలామందిని ఏడిపించిన విషయం. యునిక్స్ రెండు శాఖలుగా పెరిగినప్పుడు ఒక శాఖలో కొత్త లైను వద్దనడానికి మైనస్ ఎన్ వచ్చింది, ఇంకో శాఖలో బ్యాక్‌స్లాష్ గుర్తుల్ని నేరుగా అర్థం చేసుకునే ఎకో వచ్చింది. యునిక్స్ రకాలన్నిటికీ ఉమ్మడిగా రాసిన పోసిక్స్ ప్రమాణం కూడా వీటిని ఒక దారికి తేలేక, ఈ సందర్భాల్లో ఏమవుతుందో ఆయా సిస్టమ్‌ల ఇష్టానికే వదిలేసింది. బ్యాష్ అనే షెల్‌లో మైనస్ ఈ అంటే బ్యాక్‌స్లాష్ గుర్తుల్ని అర్థం చేసుకోమనే ఆప్షన్, ఉబుంటులో మామూలు స్క్రిప్టుల్ని నడిపే డ్యాష్ అనే షెల్‌లో అది ఉత్త అక్షరాలే. పరిష్కారం ఒక్కటే: ప్రింట్‌ఎఫ్ (printf) అనే కమాండ్ వాడండి. మామూలు సందేశానికి ఎకో చాలు, బ్యాక్‌స్లాష్ గానీ మైనస్‌తో మొదలయ్యే మాట గానీ వచ్చే అవకాశం ఉంటే ప్రింట్‌ఎఫ్ తప్ప వేరే దారి వెతకొద్దు.

సుడో పెట్టి ఎకో చేసినా ఫైల్లో రాయడానికి పర్మిషన్ లేదంటోంది

సుడో అడ్మిన్ అధికారం ఇచ్చింది ఎకోకి. ఫైలు తెరిచి రాసేది ఎకో కాదు, > గుర్తు చూసిన మీ షెల్, దానికి మామూలు అధికారమే ఉంది. ఎకో ఇచ్చినదాన్ని | గుర్తుతో పైప్ చేసి సుడో టీ (sudo tee) అనే కమాండ్‌కి పంపండి, అప్పుడు రాసేది టీ. పాతది ఉంచి చివర కలపాలంటే టీకి మైనస్ ఏ పెట్టడం మరిచిపోకండి, లేకపోతే ఫైల్లో ఉన్నదంతా పోతుంది.

పాస్‌వర్డ్ టైప్ చేస్తుంటే ఏమీ పడటం లేదు, కీబోర్డ్ పనిచేయట్లేదా?

పనిచేస్తోంది, టైప్ చేసి ఎంటర్ నొక్కండి. మామూలుగా మీరు నొక్కిన అక్షరం తెరమీద కనబడటానికి కారణం సిస్టమ్ దాన్ని తిప్పి పంపడం, దాని పేరు కూడా ఎకోనే. పాస్‌వర్డ్ అడిగే ప్రోగ్రాం ఆ ఎకోని కాసేపు ఆపేస్తుంది, పక్కనున్నవాళ్లకి అక్షరాలే కాదు ఎన్ని అక్షరాలో కూడా తెలియకూడదని.

ప్రోగ్రాం మధ్యలో ఆగిపోయాక టెర్మినల్‌లో ఏం టైప్ చేసినా కనబడటం లేదు

ఆ ప్రోగ్రాం ఎకో ఆపేసి, తిరిగి ఆన్ చేయకుండానే చచ్చిపోయింది. కనబడకపోయినా షెల్ వింటూనే ఉంటుంది. కళ్లు మూసుకుని టైప్ చేసినట్టు ఎస్‌టీటీవై, ఖాళీ, సేన్ (stty sane) అని కొట్టి ఎంటర్ నొక్కండి, మామూలైపోతుంది. రీసెట్ అనే కమాండ్ కూడా పనిచేస్తుంది. విండో మూసి మళ్లీ తెరవాల్సిన అవసరం లేదు.

ఒక్కో అక్షరం రెండుసార్లు పడుతోంది

మీ టెర్మినల్ ప్రోగ్రాం ఒకసారి, అవతలి సిస్టమ్ ఒకసారి, ఇద్దరూ చూపిస్తున్నారు. సీరియల్ కేబుల్‌తో సర్క్యూట్ బోర్డులకి కనెక్ట్ అయ్యేవాళ్లకి ఇది తరచు ఎదురవుతుంది. టెర్మినల్ సెట్టింగ్స్‌లో లోకల్ ఎకో ఆపేయండి. అసలేమీ కనబడకపోతే ఆన్ చేయండి. దూరపు కంప్యూటర్‌లోకి వెళ్లే పాత పద్ధతి టెల్నెట్‌లో ఎవరు ఎకో చేయాలో రెండు వైపులా ముందే మాట్లాడుకునే ఏర్పాటు ఉంది, 1983 నాటి ఆర్‌ఎఫ్‌సీ 857 అనే ఇంటర్నెట్ ప్రమాణ పత్రం దాని కోసమే.

బ్యాచ్ ఫైల్ మొదట్లో ఎట్ ఎకో ఆఫ్ అని ఎందుకు రాస్తారు?

కమాండ్లు వరసగా రాసిపెట్టిన విండోస్ బ్యాచ్ ఫైల్ నడిచేటప్పుడు ప్రతి కమాండ్‌నీ ముందు తెరమీద చూపించి తర్వాత నడుపుతుంది. ఎకో ఆఫ్ ఆ చూపించడాన్ని ఆపుతుంది, ముందున్న @ గుర్తు ఎకో ఆఫ్ అనే ఆ లైను కూడా కనబడకుండా చేస్తుంది. స్క్రిప్ట్ ఎక్కడ ఆగిపోతోందో తెలియకపోతే ఆ లైను తీసేసి నడపండి, అన్నీ కనబడతాయి.

వెబ్ పేజీల కోసం వాడే పీహెచ్‌పీ భాషలో ఎకో, ప్రింట్ రెండూ ఉన్నాయి, ఏది వాడాలి?

ఎకో వాడండి. ఎకో ఒకేసారి చాలా విలువలు తీసుకుంటుంది, ఏమీ తిరిగి ఇవ్వదు. ప్రింట్ ఒక్కటే తీసుకుని ఎప్పుడూ 1 తిరిగి ఇస్తుంది. వేగంలో తేడా పట్టించుకునేంత లేదు. పట్టించుకోవలసింది వేరే ఉంది: వాడుకరి ఫారంలో రాసినదాన్ని నేరుగా ఎకో చేయకూడదు. అందులో ఎవరైనా స్క్రిప్ట్ రాసి పంపితే అది చూసేవాళ్ల బ్రౌజర్‌లో నడిచిపోతుంది. హెచ్‌టీఎంఎల్ స్పెషల్ చార్స్ (htmlspecialchars) ఫంక్షన్ గుండా పంపాకే చూపించండి.

## నెట్‌వర్క్, కాల్స్ దగ్గరికి వచ్చినవాళ్లకి

పింగ్‌లో ఎకో రిక్వెస్ట్, ఎకో రిప్లై అంటే ఏంటి?

మీ కంప్యూటర్ ఒక చిన్న ప్యాకెట్ పంపుతుంది, చేరిన యంత్రం అందులోని డేటాని మార్చకుండా తిప్పి పంపుతుంది, మధ్యలో పట్టిన సమయాన్ని పింగ్ చూపిస్తుంది. 1981 నాటి ఆర్‌ఎఫ్‌సీ 792లో అడిగేదానికి 8, జవాబుకి 0 అని రకాల అంకెలు ఇచ్చారు. పింగ్ ప్రోగ్రాం 1983 డిసెంబర్‌లో మైక్ మూస్ రాశాడు, జలాంతర్గాములు వాడే సోనార్ చప్పుడు నుంచి ఆ పేరు పెట్టాడు. చూపించే సమయం వెళ్లి రావడానికి పట్టినది, ఒకవైపుది కాదు. సగం చేస్తే ఒకవైపుది వచ్చేస్తుందని అనుకోకండి, వెళ్లే దారి, వచ్చే దారి వేరుగా ఉండొచ్చు.

పింగ్‌కి జవాబు రాకపోతే సర్వర్ పడిపోయినట్టేనా?

కాదు. చాలా ఫైర్‌వాల్స్ ఎకో ప్యాకెట్లని కావాలనే ఆపేస్తాయి, వెబ్‌సైట్ మాత్రం చక్కగా తెరుచుకుంటుంది. అలాగే పింగ్ వచ్చినంత మాత్రాన వెబ్ సర్వర్ నడుస్తోందనీ కాదు, యంత్రం బతికుందని మాత్రమే అర్థం.

పోర్ట్ 7లో ఎకో సర్వీస్ అని చదివాను, ఆన్ చేయాలా?

వద్దు. 1983లో జాన్ పోస్టెల్ ఆర్‌ఎఫ్‌సీ 862లో రాసిన సర్వీస్ అది, ఏది పంపితే అది తిప్పి పంపుతుంది, పరీక్షలకి పనికొచ్చేది. పంపినవాళ్ల చిరునామాని మోసంగా మార్చి రెండు యంత్రాల సర్వీసుల్ని ఒకదాని మీద ఒకటి ఉసిగొల్పితే ప్యాకెట్లు ఆగకుండా తిరుగుతూనే ఉంటాయి, అందుకే దాన్ని ఆపి ఉంచడం అలవాటైంది. నేర్చుకోవడానికైతే మీ సొంత యంత్రం లోపలే పదిలైన్ల ఎకో సర్వర్ రాయండి, సాకెట్ ప్రోగ్రామింగ్‌కి, అంటే నెట్‌వర్క్‌లో మాట్లాడుకునే ప్రోగ్రాంలు రాయడానికి, అంతకంటే మంచి మొదటి పాఠం నాకు తెలియదు.

కాల్‌లో నా గొంతు నాకే వినిపిస్తోంది, నా మైక్ పాడైందా?

మీది కాదు, అవతలివాళ్లది. మీ గొంతు వాళ్ల స్పీకర్‌లోంచి బయటికొచ్చి, వాళ్ల మైక్‌లోకి దూరి, మళ్లీ మీ దగ్గరికి వస్తోంది. ఎవరికి ఎకో వినిపించడం లేదో వాళ్ల దగ్గరే లోపం ఉంటుంది, చాలామంది ఇది తెలియక తమ హెడ్‌ఫోన్స్ మారుస్తూ కూర్చుంటారు. గుంపు కాల్ అయితే ఒక్కొక్కరినీ మ్యూట్ చేయించండి, ఎవరు మ్యూట్ అయినప్పుడు ఎకో ఆగిందో వాళ్లని హెడ్‌ఫోన్స్ పెట్టుకోమనండి. ఒకే గదిలో రెండు పరికరాలు కాల్‌లో ఉంటే ఒకదాని మైక్, స్పీకర్ రెండూ ఆపాలి.

ఎకో క్యాన్సిలేషన్ నా గొంతుని ఎలా గుర్తుపడుతుంది?

గొంతుని గుర్తుపట్టదు, స్పీకర్‌కి ఏం పంపిందో దానికి తెలుసు. ఆ శబ్దం గదిలో తిరిగి మైక్‌కి ఎలా చేరుతుందో అంచనా కట్టి, ఆ అంచనాని మైక్ శబ్దంలోంచి తీసేస్తుంది, మిగిలిన తప్పుని చూసి అంచనాని సెకనుకి వేలసార్లు సరిచేసుకుంటుంది. ఈ సరిచేసుకునే లెక్కకి పునాది 1960లో విడ్రో, హాఫ్ వేశారు. దూరపు ఫోన్లకి ఇది చాలా అవసరమైంది: ఉపగ్రహం సుమారు 36,000 కిలోమీటర్ల ఎత్తులో ఉంటే మాట ఒకవైపు చేరడానికే పావు సెకను పడుతుంది, ఎకో అర సెకను తర్వాత వస్తుంది, అలా వస్తుంటే మనిషి మాట్లాడలేక తడబడతాడు. ఇద్దరూ ఒకేసారి మాట్లాడితేనే క్యాన్సిలర్‌కి కష్టం, ఏది ఎకో, ఏది కొత్త మాట అన్నది అప్పుడు విడదీయలేక ఒకరి గొంతు తెగిపోతుంది. పిలిస్తే పలికే స్మార్ట్ స్పీకర్లు, ఉదాహరణకి 2014లో వచ్చిన అమెజాన్ ఎకో, గట్టిగా పాట వేస్తూ కూడా మీ పిలుపు వినగలగడం వెనక ఉన్నది ఇలాంటి లెక్కే.

ఆన్‌లైన్ సంగీతం క్లాసులో శ్రుతి మధ్యలో తెగిపోతోంది

కాల్ సాఫ్ట్‌వేర్ మాటల కోసం చేసింది. ఒకే స్థాయిలో సాగే శ్రుతి దానికి ఫ్యాన్ శబ్దంలా కనబడుతుంది, అణిచేస్తుంది. నాయిస్ తగ్గించే సెట్టింగ్ ఆపేయండి, జూమ్‌లాంటి వాటిలో సంగీతం కోసం ఒరిజినల్ సౌండ్ అనే ఏర్పాటు ఉంది, అది ఆన్ చేయండి. ఎకో క్యాన్సిలేషన్ కూడా ఆపితే నాదం ఇంకా నిండుగా వెళ్తుంది, కానీ అప్పుడు రెండు వైపులా హెడ్‌ఫోన్స్ తప్పనిసరి.

వేరు వేరు చోట్ల ఉన్న ఇద్దరం నెట్‌లో కలిసి పాడొచ్చా?

దూరం తక్కువైతే పాడొచ్చు. ఒకవైపు ఆలస్యం సుమారు 25 మిల్లీసెకన్ల లోపు ఉంటే తాళం నిలబడుతుంది, ఎనిమిదిన్నర మీటర్ల దూరంలో నిలబడినవాళ్లతో పాడటంతో సమానం అది. అంతకు మించితే ఇద్దరూ ఒకరికోసం ఒకరు ఆగుతూ పాట నెమ్మదైపోతుంది. ఫైబర్‌లో వెలుతురు 1000 కిలోమీటర్లకి 5 మిల్లీసెకన్లే తీసుకుంటుంది, మిగతా ఆలస్యమంతా వైఫై, బఫర్లు, కాల్ సాఫ్ట్‌వేర్ చేసే ప్రాసెసింగ్‌దే. అందుకని మామూలు వీడియో కాల్ వదిలేసి జామ్యులస్‌లాంటి సంగీతం కోసమే చేసిన సాఫ్ట్‌వేర్ వాడండి, వైఫై బదులు కేబుల్ పెట్టండి, బఫర్ 128కి దించండి. అప్పటికీ కుదరకపోతే ఒకరు ముందు పాడి పంపండి, రెండోవాళ్లు దాని మీద పాడి రికార్డ్ చేయండి.